ఆల్ ఇండియా రేడియోకు పేరు పెట్టిన దొర

తెల్లవారుజామున పంచాయతీ ఆఫీసు మీది మైకులో ఒక రాగం వినిపించేది. ఎద్దులకు మేత వేస్తున్న రైతుకు, వాకిట్లో కళ్ళాపి చల్లుతున్న ఇల్లాలికి అదే గడియారం. రాగం ఆగగానే ఆకాశవాణి అన్న మాట, ఆ వెంటనే స్టేషను పేరు వచ్చేవి. ఆకాశవాణికే ఇంగ్లీషులో 2023 దాకా ఆల్ ఇండియా రేడియో అని పేరు ఉండేది. ఆ పేరు 1936 జూన్ 8న అమలులోకి వచ్చింది. దానిని పెట్టిన మనిషి లయొనెల్ ఫీల్డెన్ అనే ఇంగ్లీషు దొర. బి.బి.సి.లో ఉద్యోగం చేస్తూ, అక్కడివారు పంపగా ఢిల్లీకి వచ్చారు. ఇక్కడ అయిదేళ్ళు కూడా నిండకుండానే తిరిగి వెళ్ళిపోయారు. భారతదేశంలో తాను చేసిన పని దండగ అయిపోయిందన్నదే చివరిదాకా ఆయన అభిప్రాయం.

ఫీల్డెన్ 1896లో ఇంగ్లండులో పుట్టారు. కలవారి బిడ్డ. గొప్పవారి పిల్లలు చదివే ఈటన్ బడిలోను, తర్వాత ఆక్స్‌ఫర్డులోని బ్రేజ్‌నోజ్ కళాశాలలోను చదివారు. చదువుకునే వయసులోనే మొదటి ప్రపంచయుద్ధం వచ్చింది. తుర్కీ తీరంలో వేలాదిమంది కూలిపోయిన గల్లిపోలి యుద్ధరంగానికి ఆయన కూడా వెళ్ళారు, బతికి వచ్చారు. యుద్ధం తర్వాత కొంతకాలం నానాజాతి సమితిలోను, ఇల్లూ వాకిలీ పోగొట్టుకున్న కాందిశీకుల సహాయ కార్యక్రమాల్లోను పనిచేశారు. ఒకచోట కుదురుగా ఉండే స్వభావం కాదు. పై అధికారికి తలవంచే అలవాటు అంతకంటే లేదు.

అలాంటి మనిషి 1927లో బి.బి.సి.లో చేరారు. బి.బి.సి. 1922లో ఒక కంపెనీగా మొదలై, 1927 జనవరి 1 నుంచి ప్రభుత్వ సనదుతో నడిచే కార్పొరేషను అయింది. దాని పెద్ద జాన్ రీత్. ఆరున్నర అడుగుల ఎత్తు మనిషి, స్కాట్లండులో ఒక చర్చి గురువు కుమారుడు, మహా కట్టుదిట్టమైనవాడు. రేడియో అంటే కాలక్షేపం కాదనీ, జనానికి మంచీ చెడ్డా చెప్పే పెద్దదిక్కనీ ఆయన నమ్మకం. ఆయనకూ ఫీల్డెన్‌కూ స్వభావాలు ఉప్పూ నిప్పూ. అయినా ఫీల్డెన్ పనితనం రీత్‌కు తెలుసు.

ఫీల్డెన్ పనిచేసినది ప్రసంగాల శాఖలో. ఆ శాఖకు అధిపతి హిల్డా మాథెసన్ అనే మహిళ. రేడియో కొత్తగా వచ్చిన రోజుల్లో మైకు ముందుకు వచ్చిన పెద్దలందరూ వేల మంది కూర్చున్న సభలో ఉపన్యసించినట్టు గొంతెత్తి మాట్లాడేవారు. వినేవాడు మాత్రం ఇంట్లో కుర్చీలో ఒక్కడే కూర్చుని ఉంటాడు. అతని చెవికి ఆ కేకలు మోత. ఎదురుగా ఉన్న ఒక్క మనిషితో చెబుతున్నట్టు మాట్లాడాలని మాథెసన్ గట్టిగా పట్టుబట్టింది. పండితులు రాసి తెచ్చిన వ్యాసాన్ని కాస్తా మాటల్లోకి మార్చడం, వారిచేత మళ్ళీ మళ్ళీ చదివించడం, ఎక్కడ ఆగాలో ఎక్కడ నవ్వాలో చెప్పడం ఫీల్డెన్ వంటివారి పని అయింది. ఎంత గొప్పవాడైనా మైకు ముందు కొత్త పెళ్ళికొడుకే. రేడియోలో మాట ఎలా ఉండాలన్న ఈ విద్య ఎనిమిదేళ్ళపాటు ఫీల్డెన్ చేతికి బాగా పట్టింది.

ఈలోగా మన దేశంలో రేడియో పుట్టి చచ్చి బతికింది. మద్రాసులో 1924లోనే కొందరు ఔత్సాహికులు రేడియో క్లబ్బు పెట్టి ప్రసారాలు చేశారు గాని డబ్బు చాలక ఆపేశారు. ఇండియన్ బ్రాడ్‌కాస్టింగ్ కంపెనీ అనే ప్రయివేటు సంస్థ 1927లో బొంబాయి, కలకత్తా స్టేషన్లను తెరిచి, మూడేళ్ళు తిరగకుండానే దివాలా తీసింది. 1930లో ప్రభుత్వం దానిని నెత్తిన వేసుకుంది. మరుసటి సంవత్సరం ఖర్చు భరించలేమని మూసివేయడానికి నిర్ణయించింది. వినేవారూ రేడియోలు అమ్మేవారూ గగ్గోలు పెట్టగా ఆ నిర్ణయాన్ని వెనక్కు తీసుకుంది. ఇంటికి రేడియో కావాలంటే సంవత్సరానికి పది రూపాయలు కట్టి లైసెన్సు పొందాలి. పది రూపాయలంటే ఆ రోజుల్లో కూలివాడికి కళ్ళజూడని సొమ్ము. 1934 ఆఖరుకు దేశం మొత్తం మీద లైసెన్సులు పదహారు వేల చిల్లర మాత్రమే. ఈ పరిస్థితిని చక్కదిద్దడానికి ఒక మనిషిని పంపమని భారత ప్రభుత్వం బి.బి.సి.ని అడిగింది. రీత్ చూపు ఫీల్డెన్ మీద పడింది.

1935 ఆగస్టు 30న ఫీల్డెన్ ప్రసారాల కంట్రోలరుగా బాధ్యత స్వీకరించారు. దేశంలో ఆ పదవికి ఆయనే మొదటివారు. పేరుకు పెద్ద పదవి. చేతిలో ఉన్నవి మాత్రం బొంబాయి, కలకత్తా స్టేషన్లు రెండూ, ఢిల్లీలో మొదలు కావలసిన స్టేషనుకు వేసిన పథకమూను. ఒక బల్ల కొనాలన్నా, ఒక గుమాస్తాను పెట్టుకోవాలన్నా సెక్రటేరియట్‌లో ఫైలు నడవాలి. ఎండలు ముదిరితే ప్రభుత్వమే ఫైళ్ళు కట్టుకుని సిమ్లా కొండ ఎక్కేది. బి.బి.సి.లో అనుకున్నది సాయంత్రానికి చేయడానికి అలవాటుపడిన మనిషికి ఇది నరకం అనిపించడంలో వింత లేదు. అయినా 1936 జనవరి 1న ఢిల్లీలో ఆలీపూర్ రోడ్డు 18వ నంబరు ఇంట్లో స్టేషను మొదలైపోయింది.

పేరు వెనుక కథ

అప్పటికి సంస్థ పేరు ఇండియన్ స్టేట్ బ్రాడ్‌కాస్టింగ్ సర్వీస్. ఆ పేరు వింటేనే ఫీల్డెన్‌కు ఒళ్ళుమంట. నోరు తిరగని పేరు, పైగా సర్కారు వాసన. సెక్రటేరియట్ అధికార్లకు మాత్రం అందులో తప్పేమీ కనబడలేదు. వారితో వాదించి లాభం లేదని గ్రహించి ఫీల్డెన్ ఉపాయం పన్నారు. అప్పుడే కొత్తగా వచ్చిన వైస్రాయి లిన్‌లిత్‌గో ప్రభువు ఒక విందులో తీరికగా దొరికారు. ఫీల్డెన్ ఆయన దగ్గర చేరి, తాను పెద్ద చిక్కులో పడ్డాననీ, సలహా కావాలనీ వినయంగా అడిగారు. బ్రాడ్‌కాస్టింగ్ అన్న మాట భారతీయుల నోటికి కష్టమనీ, అందరికీ తేలికగా ఉండే పేరు ఒకటి తట్టడం లేదనీ మొర పెట్టుకున్నారు. ఆ మాటా ఈ మాటా చెబుతూ వైస్రాయి నోటనే ఆల్ ఇండియా అన్న మాట పలికించారు. రేడియో అన్న మాట కూడా మెల్లగా ఆయన చేతనే అనిపించారు. ఆ మూడు మాటల మొదటి అక్షరాలు కలిపితే ఇంగ్లీషులో గాలి అన్న అర్థం వస్తుంది.  పేరు తానే పెట్టానని వైస్రాయి అనుకున్నారు, అలా అనుకోనివ్వడమే ఫీల్డెన్‌కు కావలసింది. వైస్రాయి పెట్టిన పేరును కాదనే గుమాస్తా ఎవడు?

ఆకాశవాణి అన్న చక్కని మాట ఫీల్డెన్‌ది కాదు. 1935లో మైసూరులో గోపాలస్వామి అనే మనస్తత్వశాస్త్ర ఆచార్యుడు సొంతంగా నడిపిన చిన్న స్టేషనుకు ఆ పేరు ఉండేది. స్వాతంత్ర్యం వచ్చాక 1957లో ఆల్ ఇండియా రేడియో దానిని తన దేశీయ నామంగా తీసుకుంది. 2023లో ఇంగ్లీషులో సైతం ఆకాశవాణి అనే అనాలని ప్రభుత్వం ఉత్తర్వు ఇవ్వడంతో ఫీల్డెన్ పెట్టిన పేరుకు ఎనభై ఏడేళ్ళ తర్వాత సెలవు దొరికింది.

మనుషులను ఎంపిక చేయడంలో ఫీల్డెన్ ఉద్యోగ నిబంధనలు పెద్దగా పట్టించుకోలేదు. లాహోరు ప్రభుత్వ కళాశాలలో ఇంగ్లీషు బోధించే అహమ్మద్ షా బుఖారీని తెచ్చి తన తర్వాతి స్థానంలో కూర్చోబెట్టారు. పత్రస్ అన్న కలం పేరుతో ఉర్దూలో హాస్య వ్యాసాలు రాసి పేరు పొందిన రచయిత ఆయన. ఆయన తమ్ముడు జుల్ఫికర్ అలీ బుఖారీ కూడా రేడియోలోనే పెద్ద పదవిలో ఉండేవారు. దానితో ఇది బుఖారీ బ్రదర్స్ కార్పొరేషన్ అనీ, అసలు బి.బి.సి. ఇదేననీ ఢిల్లీలో ఎగతాళి పుట్టింది. ఎగతాళి ఎలా ఉన్నా, ఫీల్డెన్ తర్వాత సంస్థ పగ్గాలు పట్టినవారు అన్నగారే. తమ్ముడు తర్వాత పాకిస్తాన్ రేడియోకు మొదటి అధిపతి అయ్యారు.

యంత్రాల విషయంలో ఫీల్డెన్‌కు కుడిభుజం సెసిల్ గోయ్‌డర్. ఈయన 1936లో చీఫ్ ఇంజనీరుగా వచ్చారు. అంతకు పన్నెండేళ్ళ క్రితం, లండన్‌లో బడి పిల్లవాడుగా ఉన్నప్పుడే, సొంతంగా తయారు చేసుకున్న యంత్రంతో భూగోళానికి అవతలివైపున ఉన్న న్యూజీలాండుతో వైర్‌లెస్ సందేశాలు నడిపి లోకాన్ని ఆశ్చర్యపరిచిన వ్యక్తి. దేశమంతటికీ చాలినన్ని స్టేషన్లు కట్టడానికి డబ్బు లేదు. మీడియం వేవు ప్రసారం స్టేషను చుట్టుపక్కల బాగా వినిపిస్తుంది గాని దూరం పోదు. పైగా మన వానకాలపు ఉరుములూ మెరుపులూ దానిలో గరగర పుట్టిస్తాయి. షార్టు వేవు అలా కాదు. ఆకాశంలో ఎంతో ఎత్తున ఉన్న పొరను తాకి తిరిగి నేలకు దిగి వందల మైళ్ళ దూరాన వినిపిస్తుంది. ఉన్న కొద్ది డబ్బుతో దేశమంతా కప్పాలంటే నాలుగు మూలలా షార్టు వేవు యంత్రాలు పెట్టడమే దారి అని తేల్చారు. ఢిల్లీ, బొంబాయి, కలకత్తా, మద్రాసులకు అవి వచ్చాయి.

1938 జూన్ 16న మద్రాసు స్టేషను మొదలైంది. ఎగ్మూరులో మార్షల్స్ రోడ్డున ఉన్న ఈస్ట్ నూక్ అనే బంగళా దానికి నెలవు. గవర్నరు ఎర్‌స్కిన్ ప్రభువు ప్రారంభించగా, అప్పటి ప్రధానమంత్రి రాజాజీ ప్రసంగించారు. ఆ రోజుల్లో రాష్ట్ర ముఖ్యమంత్రిని ప్రధానమంత్రి అనేవారు. మీడియం వేవు యంత్రం 250 వాట్లది, దానితో వినగలిగింది మద్రాసు పట్నం చుట్టుపక్కలవారు. దూరపు జిల్లాలకు ఆధారం 10 కిలోవాట్ల షార్టు వేవు యంత్రమే. తెలుగు పాట, తెలుగు నాటిక, తెలుగు ప్రసంగం మన జిల్లాలకు ఆల్ ఇండియా రేడియో నుంచి వచ్చింది ఆ మద్రాసు గాలి మీదనే. విజయవాడకు సొంత స్టేషను 1948 డిసెంబరు 1న గాని రాలేదు. నైజాం ఇలాకాలో ఉన్న హైదరాబాదు రేడియో వేరు. అది నైజాం ప్రభుత్వానిది, ఫీల్డెన్ అధికారం అక్కడ చెల్లలేదు. 1950లో గాని అది ఆల్ ఇండియా రేడియోలో కలియలేదు.

పల్లెకు రేడియో ఎలా చేరాలన్నది ఆ రోజుల్లోనే పెద్ద చర్చ. ఉత్తరాదిన కొన్ని పల్లెల్లో ప్రభుత్వం రేడియోలు పెట్టి చూసింది. కరెంటు లేదు కనుక బ్యాటరీతో నడిచే పెట్టె. ఎవరూ చెయ్యి పెట్టకుండా తాళం వేసి ఉండేది. ఒక్క స్టేషను మాత్రమే పలికేది. లోపల అమర్చిన గడియారం సాయంత్రం వేళకు దానంతట అదే పలికించి, వేళ కాగానే ఆపేసేది. ఊరివారికి కట్టడానికి, ఆపడానికి కూడా వీలులేని రేడియో! బ్యాటరీ అయిపోతే పట్నం నుంచి లారీ రావాలి. వానలకు బాట తెగితే రేడియో నోరు మూతపడేది. లక్షల పల్లెలున్న దేశంలో ఇలా ఎన్ని పెట్టెలు పెట్టగలరు, ఎన్ని లారీలు తిప్పగలరు? ఈ లెక్క ఫీల్డెన్‌ను కుంగదీసింది. పల్లె రేడియోకు అసలైన పరిష్కారం ట్రాన్సిస్టరు. అది మన ఊళ్ళకు చేరేసరికి ఇంకో పాతికేళ్ళు పట్టింది.

హార్మోనియం మీద వేటు

ఫీల్డెన్ హయాంలో జరిగిన ఒక పని మాత్రం మన నాటక కళాకారులకు మింగుడుపడేది కాదు. 1940 మార్చి 1 నుంచి ఆల్ ఇండియా రేడియోలో హార్మోనియంను నిషేధించారు. ఏ స్టేషనులోనూ దానిని పలికించరాదు. ఈ పెట్టె మెట్లు స్థిరంగా ఉంటాయి. ఒక స్వరం నుంచి ఇంకొక స్వరానికి జారే గమకం దాని మీద పలకదు, శ్రుతులు సరిగా రావు, దాని వెంట పాడిన గాయకుడి గొంతు కూడా పాడవుతుంది అన్నది వాదన. ఢిల్లీ రేడియోలో పాశ్చాత్య సంగీతం చూసే జాన్ ఫౌల్డ్స్ అనే ఇంగ్లీషు సంగీతకారుడు దీనిని గట్టిగా వాదించారు. ఫీల్డెన్‌కు కూడా ఆ వాద్యమంటే గిట్టదు. రవీంద్రనాథ్ టాగూరు అంతటివారు దానిని వెళ్ళగొట్టమని కలకత్తా స్టేషనుకు రాశారు. కనుక తప్పంతా దొరలదే అనడానికి వీలులేదు.

వాదనలో శాస్త్రం ఉంది, కాదనలేము. కాని ఆంధ్రదేశంలో పౌరాణిక నాటకానికి ప్రాణం పద్యం, పద్యానికి ఊపిరి హార్మోనియం. రంగస్థలం పక్కన పెట్టె ముందు కూర్చున్న మనిషి శ్రుతి అందిస్తే గాని కృష్ణుడు, దుర్యోధనుడు నోరు విప్పరు. పందిరి భజనలోనూ అదే. జనం నెత్తిన పెట్టుకున్న వాద్యం జనం డబ్బుతో నడిచే రేడియోలో అంటరానిదైపోయింది. మైకు ముందుకు వచ్చిన పద్య గాయకులు హార్మోనియం లేకుండానే పాడవలసి వచ్చింది. ఫీల్డెన్ వెళ్ళారు, తెల్లవారు వెళ్ళారు, నిషేధం మాత్రం వెళ్ళలేదు. 1971 దాకా, ముప్పయ్యొక్క సంవత్సరాలు కొనసాగింది. పెట్టిన దొర పోయినా తీసే నాథుడు లేకపోవడం మన ఆఫీసుల తీరు.

ఫీల్డెన్‌ను లోలోపల దహించినది వేరే. ఆయన గాంధీజీని కలుసుకున్నారు, అభిమానించారు. ఈ దేశం స్వాతంత్ర్యానికి అర్హమని నమ్మారు. కాని ఆయన కూర్చున్న కుర్చీ బ్రిటిషు ప్రభుత్వానిది. బి.బి.సి. ప్రభుత్వానికి కాస్త ఎడంగా నిలబడగలిగిన సంస్థ. ఇక్కడ రేడియో సర్కారు శాఖల్లో ఒకటి, పోస్టాఫీసు లాంటిదే. దేశమంతా ఎవరి మాట వినాలని చెవులు నిక్కించి ఉందో వారి గొంతు అందులో వినిపించే వీలులేదు. దేశంలోని అందరికంటే పెద్ద నాయకుడికి చోటు లేని రేడియోను ఎవరు డబ్బు పెట్టి కొని వింటారు? గాంధీజీ రేడియో స్టేషనులో అడుగుపెట్టి మాట్లాడినది స్వాతంత్ర్యం వచ్చాక 1947 నవంబరు 12న, ఒకే ఒక్కసారి. కురుక్షేత్రం శిబిరంలో ఉన్న కాందిశీకులకోసం ఢిల్లీ నుంచి మాట్లాడారు. అప్పటికి ఫీల్డెన్ ఈ దేశంలో లేరు.

1939లో రెండవ ప్రపంచయుద్ధం రాగానే రేడియో పూర్తిగా ప్రభుత్వ ఆయుధమైంది. వార్తలు పెరిగాయి, ఢిల్లీ నుంచి తెలుగులో కూడా వార్తలు మొదలయ్యాయి. ఆ సంవత్సరాంతానికి తొమ్మిది స్టేషన్లు పనిచేస్తున్నాయి. ఢిల్లీ, బొంబాయి, కలకత్తా, మద్రాసు, తిరుచిరాపల్లి, లక్నో, లాహోరు, పెషావరు, ఢాకా. 1947లో దేశం చీలినప్పుడు చివరి మూడూ పాకిస్తాన్‌కు పోయి మనకు ఆరు మిగిలాయి. స్వతంత్ర భారతం రేడియోను మొదలుపెట్టింది ఈ ఆరింటితోనే. ఇవి ఒక్కొక్కటీ నిలబడుతున్న కొద్దీ ఫీల్డెన్ ఆరోగ్యం కూలింది. సెక్రటేరియట్‌తో తగాదాలకు అంతులేదు. 1940లో రాజీనామా చేసినట్టుగానే సెలవు పుచ్చుకుని ఇంగ్లండు చేరారు.

అక్కడ బి.బి.సి.లో భారతదేశానికి ప్రసారాలు చేసే విభాగాన్ని నిలబెట్టడానికి కొంతకాలం పనిచేశారు, చిన్న బుఖారీని లండన్ రప్పించారు. ఎక్కువకాలం ఉండలేదు. 1943లో భారతదేశాన్ని గురించి బెగ్గర్ మై నైబర్ అనే చిన్న పుస్తకం రాసి, బ్రిటిషు పాలనను నిర్మొహమాటంగా దుయ్యబట్టారు. యుద్ధం మధ్యలో ఒక ఇంగ్లీషువాడు ఇలా రాయడం చిన్న విషయం కాదు. అదే భారతీయ విభాగంలో పనిచేస్తున్న ప్రసిద్ధ రచయిత జార్జి ఆర్వెల్ ఈ పుస్తకాన్ని హొరైజన్ అనే పత్రికలో చీల్చి చెండాడారు. ఆర్వెల్ కూడా భారత స్వాతంత్ర్యం కోరినవారే. గాంధీ మార్గాన్ని లండన్ మేడల్లో కూర్చుని మెచ్చుకోవడం తేలిక అన్నది ఆయన ఆక్షేపణ. ఫీల్డెన్ అదే పత్రికలో అంత ఘాటుగానూ జవాబిచ్చారు.

తర్వాత మిత్రరాజ్యాల సైన్యం వెంట ఇటలీ వెళ్ళి అక్కడి పౌర పరిపాలనలో పనిచేశారు. ఆ దేశం నచ్చి, ఫ్లారెన్స్ నగరం దగ్గర పల్లెపట్టులో ఇల్లు చేసుకుని ఉండిపోయారు. రేడియో జోలికి మళ్ళీ పోలేదు. 1960లో ఆత్మకథ అచ్చు వేశారు. అందులో భారతదేశంలో తన ఉద్యోగం గురించి చెబుతూ తనను తాను ఏమాత్రం వెనకేసుకు రాలేదు. నాలుగేళ్ళకు పైగా రాత్రింబవళ్ళు పనిచేస్తే నలభై కోట్ల జనానికి ఎనభై అయిదు వేల లైసెన్సులు తేలాయనీ, ఇంతకు మించిన వైఫల్యం ఉండదనీ రాసుకున్నారు. పదహారు వేలకు అది అయిదు రెట్లు అన్న సంగతి ఆయన లెక్కలోకి రాలేదు. ఆయన చూసినది నలభై కోట్లను.

ఆత్మకథ వచ్చిన ఆ దశకంలోనే ట్రాన్సిస్టర్లు భారతదేశపు పల్లెల్లోకి దిగాయి. పొలం గట్టు మీద, ఎద్దుల బండి మీద, చెట్టు కొమ్మకు తగిలించుకుని జనం వ్యవసాయ కార్యక్రమాలూ పాటలూ వినసాగారు. ఫీల్డెన్ 1974లో మరణించారు. అప్పటికి మన దేశంలో రేడియో లైసెన్సులు కోటి దాటి ఉన్నాయి.